రొట్టెకు రెండు పేర్లు

ఏథెన్స్ నగరంలో రొట్టెను అందరూ 'ప్సొమీ' అంటారు. రొట్టెల అంగడి నామఫలకంపై మాత్రం 'ఆర్తొస్' అనే ప్రాచీన పదం నుండి పుట్టిన పేరు కనిపిస్తుంది. నోట ఒక మాట, ఫలకంపై మరొక మాట! ఈ చిన్న వింత వెనుక గ్రీకుజాతి సుమారు ఒకటిన్నర శతాబ్దం సాగించిన సంఘర్షణ దాగి ఉంది.

1821లో ఒట్టోమన్ పాలనపై తిరగబడిన గ్రీసు 1830లో స్వతంత్ర రాజ్యంగా గుర్తింపు పొందింది. వెంటనే ఒక ప్రశ్న తలెత్తింది: ప్రభుత్వానికి, పాఠశాలకు ఏది భాష కావాలి? హోమరుకు, ప్లేటోకు వారసులమన్న అభిమానం ఒకవైపు. తరతరాలుగా మారుతూ వచ్చిన ప్రజల వాడుక మరొకవైపు. వాడుకభాషను సంస్కరించాలన్న పండితుడు కొరయీస్ భావన నుండి 'కథరేవుసా' అనే శుద్ధభాష రూపొందింది. కాలక్రమంలో అది ప్రాచీనతవైపే మొగ్గింది. ప్రజలభాష 'దిమొతికీ' బడి గడప వెలుపలే నిలిచిపోయింది. తల్లి ఒడిలో నేర్చిన మాట బడిలో తప్పుగా మారితే పసివాని మనసు ఎంత చిన్నబోతుందో ఊహించవచ్చు.

1901లో పల్లిస్ అనే రచయిత సువార్తను వాడుకభాషలోకి అనువదించగా 'అక్రోపోలిస్' పత్రిక దానిని ప్రచురించింది. ఏథెన్స్ అట్టుడికిపోయింది. అల్లర్లలో ఎనిమిదిమంది ప్రాణాలు కోల్పోయారు. ప్రధానమంత్రి, ప్రధాన మతాచార్యుడు పదవులు విడిచారు. పాతను కాపాడుతామని వీధికెక్కినవారిలో ముందున్నది వృద్ధులు కారు, విశ్వవిద్యాలయ విద్యార్థులు! విచిత్రమేమంటే, వారు కాపాడదలచిన మూల సువార్త కూడ తన కాలంలో జనసామాన్యపు గ్రీకుభాషలో వ్రాయబడినదే.

1917లో ప్రాథమిక పాఠశాలలలో ప్రవేశించిన దిమొతికీ, ప్రభుత్వాలు మారినప్పుడల్లా వెనుకంజ వేయవలసి వచ్చింది. 1967 నుండి 1974 వరకు సాగిన సైనికపాలన శుద్ధభాషను బలవంతంగా రుద్దింది. దానితో ఆ భాషకు నియంతృత్వపు మచ్చ అంటుకొంది. 1976లో దిమొతికీ విద్యాభాషగా చట్టబద్ధమైంది.

తెలుగువారికి ఈ కథ అపరిచితం కాదు. గ్రాంథిక, వ్యావహారిక వాదాల నడుమ వాడుకభాష పక్షాన నిలిచిన గిడుగు వేంకట రామమూర్తి జన్మదినమే, ఆగస్టు 29, తెలుగు భాషా దినోత్సవం.

గ్రీసులో ఓడిన శుద్ధభాష మరణించలేదు. చర్చిలోని పవిత్రమైన రొట్టె నేటికీ 'ఆర్తొస్' గానే ఉంది. ఎన్నో పాతమాటలు ప్రజల వాడుకలోనే కలిసిపోయాయి. నిర్బంధం ద్వేషింపజేసిన సంపదను స్వేచ్ఛ నిలుపుకొంది. సంప్రదాయానికి కావలసింది కావలివారు కాదు. దానిని తమ నోట పలికే మనుషులు.