లడఖ్‌లో వెచ్చని కుడితి

చలికాలం పొద్దున్నే కొళాయి నీళ్ళు జివ్వుమంటున్నాయని విసుక్కుంటాం కదూ! 2016 జనవరిలో మావారి పనిమీద లేహ్ వెళ్ళినప్పుడు, మేం దిగిన ఇంట్లో కొళాయిలోంచి చుక్క రాలేదు. గొట్టంలోనే నీళ్ళు గడ్డకట్టేశాయి. సముద్రమట్టానికి 3,500 మీటర్ల ఎత్తు మరి! రాత్రిళ్ళు సున్నాకి దిగువన 15 డిగ్రీలంటే అక్కడ మామూలే.

ఇంటావిడని అందరూ 'అమా-లే' అనేవారు. అమా అంటే అమ్మే; 'లే' మన 'గారు' లాంటిది. ఆవిడకో జోమో ఉంది. జడలబర్రెకీ ఆవుకీ పుట్టే పాడిపశువు. అక్కడి పాత ఇళ్ళలో కింది అంతస్తు పశువులది, పైన మనుషులు. మందపాటి మట్టి గోడలు, చిన్న కిటికీలు. కొట్టంలోకెళ్తే బయటి చలి మరిచిపోతాం. (వాసన సంగతి అడక్కండి.)

మరి దానికి నీళ్ళో? చేతిపంపు దగ్గర్నుంచి మోసుకురావాల్సిందే. భూమి లోపలివి కనుక అవి గడ్డకట్టవు. అమా-లే వాటిని పొయ్యిమీద గోరువెచ్చగా చేసి, గుప్పెడు బార్లీ పిండి కలిపి పెట్టేది. అచ్చం మన కుడితే! తాగేదాకా పక్కనే నిలబడి, మిగిలినవి వెంటనే లోపలికి తెచ్చేసేది. రోజుకి మూడుసార్లు ఇదే పని. పశువు నీళ్ళు సరిగ్గా తాగకపోతే మేతా తగ్గుతుంది, పాలూ తగ్గుతాయి. పాడి ఉన్న ఇల్లాళ్ళకి నేను చెప్పాలా?

ఒక సాయంత్రం ఆ పని నాకివ్వమన్నాను. ముప్పాతిక బకెట్టు మిగిలింది. పొద్దున్నకి పనికొస్తాయి కదా అని తెలివిగా వాకిట్లోనే ఉంచాను. తెల్లారి చూద్దును కదా, బకెట్టు నిలువునా చీలి ఉంది! నీరు గడ్డకడితే ఉబ్బుతుందని బళ్ళో చదువుకున్నదే.

అమా-లే ఏమీ అనలేదు. ఆ గడ్డని గిన్నెలో వేసి పొయ్యెక్కించింది. ఎంతకీ కరగదే! కిలో మంచు కరగడానికి పట్టే వేడితో కిలో నీళ్ళని సున్నా నుంచి 80 డిగ్రీల దాకా కాచుకోవచ్చట. వేసవి నుంచీ ఎండబెట్టి దాచుకున్న పిడకలు ఒక్కొక్కటే పొయ్యిలోకి పోతుంటే నాకు ప్రాణం ఉసూరుమంది. పొద్దెక్కేదాకా జోమో దాహంతోనే ఉంది.

ఆ పూట పాలు కాస్త తక్కువే ఇచ్చింది. నేను రెండో గ్లాసు టీ అడగలేదు.