పలక

12-2-2017, ఆదివారం. మార్కాపురం

రేపు పొద్దున మార్కాపురం రోడ్డు స్టేషన్లో బండెక్కాలి. ఎన్టీఆర్ వైద్య సేవ కింద గుంటూరు పెద్దాసుపత్రిలో చెల్లి గుండె కవాటం మారుస్తారు. చిన్నప్పుడు దానికి కీళ్ళవాతం జ్వరమొస్తే 21 రోజులకోసారి పెన్సిలిన్ సూది వేయించమన్నారు. నొప్పులు తగ్గాయి కదా అని రెండేళ్ళకే మానేశాం. ఏటా పదో తరగతికి గుండె బొమ్మ గీసి నాలుగు గదులూ చూపిస్తాను. చెల్లి ఆయాసాన్ని మాత్రం నీరసమే అనుకున్నాను.

ఆపరేషన్ తర్వాత గొంతులో గొట్టం ఉన్నంతసేపూ మాట రాదట. అమ్మ సంచిలో పలకా బలపాలూ పెట్టింది. నాన్న జీవితమంతా పలకల ఫ్యాక్టరీలోనే గడిచింది.

14-2, రాత్రి. వార్డు వరండా

నాన్న కాలంలో గుండె జబ్బంటే మద్రాసో వేలూరో పోవాలి. 2015 నుంచి డాక్టర్ ఆళ్ళ గోపాలకృష్ణ గోఖలే బృందం ఇక్కడే ఆపరేషన్లు చేస్తోంది. నిరుడు గుండె మార్పిడి కూడా చేశారు.

నిద్ర రావడం లేదు. ఎప్పుడో చదివినవే గుర్తొస్తున్నాయి. 1953 మే 6న ఫిలడెల్ఫియాలో జాన్ గిబ్బన్ 18 ఏళ్ళ అమ్మాయి గుండె పనిని 26 నిమిషాలు యంత్రానికి అప్పగించి, గుండెలో రంధ్రం మూశాడు. ఆ యంత్రం కోసం ఆయనా, భార్య మేరీ 1930ల్లోనే పిల్లుల మీద ప్రయోగాలు చేశారు. మరుసటేడు మినియాపొలిస్‌లో వాల్టన్ లిల్లేహై యంత్రం లేకుండానే, తండ్రిని పక్క బల్ల మీద పడుకోబెట్టి, ఆయన గుండెతోనే పసివాడికి రక్తం నడిపించాడు. పిల్లవాడు 11 రోజులకు పోయాడు. అయినా లిల్లేహై ఆపలేదు. మొత్తం 45 మందికి అలా చేస్తే 28 మంది బతికారు. ఆ తండ్రే కళ్ళముందు మెదులుతున్నాడు. నన్ను పడుకోమన్నా ఈ క్షణమే పడుకుంటాను.

15-2

అయింది. గుండె మళ్ళీ కొట్టుకుంటోంది.

సాయంత్రం టీకొట్టు దగ్గర, ఆపరేషన్లో గుండె బదులు పనిచేసే పంపు నడిపే అబ్బాయి కనిపించాడు. కళ్ళు ఎర్రగా ఉన్నాయి. "గుండె ఆపినంతసేపూ నా చూపు డబ్బాలో రక్తం మట్టం మీదే సార్. అది అడుగంటితే గొట్టాల్లోకి గాలి పోతుంది" అన్నాడు. డాక్టరుకు దండం పెట్టాను గానీ ఇతను ఉన్నాడనే నాకు తెలియదు. చేయి పట్టుకున్నాను, మాట రాలేదు.

16-2

పడుకుని రాస్తే పెన్ను పడలేదు. బలపం పడింది. చెల్లి వేళ్ళు వణుకుతుంటే నేను పలక పట్టుకున్నాను. "నీ" పెద్దగా, "ళ్ళు" చెక్క అంచు మీదకు ఎక్కింది. నర్సమ్మ దూది తడిపి పెదాలకు అద్దింది. చెల్లి చెరిపి మళ్ళీ రాసింది: "పాప తిన్నదా?"

మధ్యాహ్నం గొట్టం తీశారు. పక్క మంచం పెద్దాయనకు కావాలని నర్సమ్మ పలక అడిగింది. ఇచ్చేశాను. బలపాలు రెండే మిగిలాయి, పొద్దున్నే పట్నంబజారుకు వెళ్ళి తేవాలి.