నిప్పు లేదు

ఫారెస్టు ఉద్యోగి ఇల్లంటే జనానికి ఒక అంచనా ఉంటుంది. తలుపులు టేకువి, మంచాలు టేకువి, చివరికి చపాతీ పీట కూడా టేకుదే. నాన్న కర్నూలులో ఇల్లు కట్టినప్పుడు గృహప్రవేశానికొచ్చిన చుట్టాలు ముందు తలుపులే తట్టి చూశారు. అవి వేపవి. ఆ కర్ర కొన్న రసీదును ఆయన స్థలం కాగితాలతో పాటు ట్రంకుపెట్టెలో దాచాడు. "రేంజరుగా చేసి వేప తలుపులా బావా!" అని మా మేనమామ జాలిపడితే, "చెద పట్టదులే" అన్నాడు.

నాన్న సర్వీసులో సింహభాగం నల్లమలలోనే గడిచింది. ఆత్మకూరు, దోర్నాల, మళ్లీ ఆత్మకూరు. శ్రీశైలం, నాగార్జునసాగర్ మధ్య అడవిని 1978లో అభయారణ్యంగా, 1983లో టైగర్ రిజర్వుగా ప్రకటించారు. అప్పటి అయిదు జిల్లాల్లో దాదాపు 3,500 చదరపు కిలోమీటర్లు. మేమున్న క్వార్టర్సుకు మాత్రం రెండు గదులు.

మీ నాన్న పులిని చూశాడా అని అందరూ అడిగేవాళ్లు. పులిని చూసింది తక్కువ, అడుగులు చూసింది ఎక్కువ. కెమెరాలు రాకముందు లెక్కంతా అడుగుల మీదే. బాట మీది మెత్తటి దుమ్ములో పడ్డ వెనక కాలి గుర్తు మీద గాజుపలక పెట్టి, స్కెచ్ పెన్నుతో అంచు వెంట గీసి, దాన్ని కాగితం మీదికి ఎత్తేవాళ్లు. చతురస్రంలో ఒదిగితే మగది, కాస్త కోలగా ఉంటే ఆడది. నాన్న మోకాళ్ల మీద వంగి గీస్తుంటే, ఆ గీత పూర్తి కాకముందే పక్కనున్న చెంచు వాచరు చెప్పేసేవాడట: "నిన్న సందేళ పోయింది సారూ, ఎంట పిల్లలున్నాయి." 2005లో సరిస్కాలో పులులే మిగల్లేదని తేలాక దేశమంతటా ఆ పద్ధతి పోయి కెమెరాలొచ్చాయి. నాన్నేమీ బాధపడలేదు. "గీసేవాడి చెయ్యి వణికితే ఒక పులి రెండయ్యేది" అని నవ్వాడు.

ఆయన్ను నిద్రపోనివ్వనిది పులి కాదు, నిప్పు. సంక్రాంతి వెళ్లగానే ఫైర్‌లైన్ల పని మొదలయ్యేది. బాటల వెంట, బీట్ల హద్దుల వెంట గడ్డి కోసి, ఎండనిచ్చి, మంచు తడి ఇంకా ఆరని పొద్దుటి పూట మనుషుల్ని కాపలా పెట్టుకుని కాల్చాలి. వేసవిలో ఎక్కడ మంట లేచినా ఆ నల్లటి పట్టీ దగ్గరికొచ్చి ఆగుతుంది. ఆలస్యమైతే బోదగడ్డి ఎండి, మంట కాల్చేవాడి చేతుల్లో కూడా ఉండదు. ఆ కొండల మీదికి ఫైరింజను ఎక్కదు. పచ్చికొమ్మలు విరిచి బాదడమే. గాలి మరీ ఉధృతంగా ఉంటే ఎదురుమంట పెట్టాలి, దానికి ముందు గుప్పెడు దుమ్ము ఎగరేసి గాలి ఎటో చూసుకోవాలి.

ఆ అడవిలో నిప్పు చాలా మటుకు మనిషి చేతి చలవే. ఆర్పకుండా పారేసిన బీడీ, ఇప్పపువ్వు ఏరుకోవడానికి చెట్టు కింద కాల్చిన ఆకు, లేత గడ్డి కోసం కాపరి గీసిన అగ్గిపుల్ల. వీటికి తోడు శివరాత్రి. వెంకటాపురం నుంచి నాగలూటి, పెచ్చెరువు, భీముని కొలను మీదుగా శ్రీశైలానికి జనం నడిచిపోతారు. ఆ వెనకే ఉగాదికి కన్నడ భక్తులొస్తారు. సరిగ్గా ఆకు రాలే కాలం. దారి పొడవునా మూడురాళ్ల పొయ్యిలే. నాన్నా మల్లన్న భక్తుడే, ఎవర్నీ వద్దనలేడు. పెచ్చెరువు దగ్గర మకాం వేసి, ఒక గుంపు లేచి వెళ్లగానే పొయ్యి పొయ్యికీ తిరిగి నీళ్లు పోసి, బూడిదలోకి చెయ్యి పెట్టి తడిమేవాడు. పైన చల్లగా ఉన్నా కింద వేరు రగులుతూ ఉంటుందట, రెండ్రోజుల తర్వాత ఎక్కడో పైకి లేస్తుందట. ఆయన జాగారం అది. ఉగాది పచ్చడి అమ్మ ఆయన కోసం గిన్నెలో తీసిపెట్టేది, ఆయన ఇల్లు చేరేసరికి అది పులిసిపోయేది.

భయాల సంగతి క్లుప్తంగా చెబుతాను, ఆయనా అంతే చెప్పేవాడు. 1991 నవంబరులో రాజమండ్రికి చెందిన ఐఎఫ్ఎస్ అధికారి పందిళ్లపల్లి శ్రీనివాస్‌ను, లొంగిపోతానని నమ్మించి, వీరప్పన్ చంపాడు. అమ్మ ఆ పేపరు దాచేసింది. నాన్న ఆఫీసులో చదివే వచ్చాడు. మా అడవిలో వీరప్పన్ లేడు గానీ అన్నలుండేవాళ్లు. ఖాకీ చొక్కా సంచిలో పెట్టుకుని బీటు తిరిగిన ఏళ్లున్నాయి. 2013 డిసెంబరులో శేషాచలంలో ఎర్రచందనం దొంగలు ఇద్దరు ఫారెస్టు అధికారులను చంపేనాటికి ఆయన రిటైరయ్యాడు. ఆ రాత్రి టీవీ ముందు నుంచి లేవలేదు, అన్నానికీ రాలేదు.

కట్టెమోపుల ఆడవాళ్ల దగ్గర నాన్న చట్టాన్ని కాస్త వంచేవాడు. అనుమతి లేకుండా రిజర్వు ఫారెస్టులో ఎండుపుల్ల ఏరినా నేరమే. ఆయన ఎండుమోపు చూసీ చూడనట్టు వదిలేసి, పచ్చికొమ్మ కనబడితే గొడ్డలి లాక్కునేవాడు. ఆఫీసు మూలన గొడ్డళ్లు కుప్పగా పడి ఉండేవి. పండగల ముందు అందులో కొన్ని ఎలాగో సొంతదార్ల ఇళ్లకు చేరిపోయేవి, అది ఏ రిజిస్టరులోనూ ఉండదు. టేకు దుంగల బండి పట్టుబడితే ఈ దయ లేదు. అయితే దొరికేది ఎప్పుడూ బండి తోలేవాడే, పంపినవాడు కాదు. కూలివాడి చేత వేలిముద్ర వేయించుకుని ఇంటికొచ్చిన రోజు ఆయన ఎవరితోనూ మాట్లాడేవాడు కాదు. అడవిని కాపాడినవాళ్ల గురించి రాసేటప్పుడు మనం ఈ సగం వదిలేస్తుంటాం. వదిలేస్తే నాన్న సగమే మిగులుతాడు.

ఆయన పోయాక టూర్ డైరీలు తిరగేశాను. ఏనుగంత సాహసమేదో దొరుకుతుందనుకుంటే, పేజీల తరబడి ఒకటే మాట: బీటు తనిఖీ చేశాను, నిప్పు లేదు. ఎక్కడో ఒకచోట, నీళ్ల తొట్టి నింపించాను. మెడల్సు ఇచ్చేవాళ్లకు ఇలాంటి పేజీ ఎలా కనబడుతుంది? తగలబడని కొండను ఫోటో తీస్తే అది ఉత్త కొండే.

రిటైరయ్యాక కూడా చేతులు ఊరుకోలేదు. ఉపగ్రహం అడవిలో వేడి కనిపెడితే ఫారెస్ట్ సర్వే ఆఫ్ ఇండియా ఫోనుకు మెసేజి పంపిస్తుంది, కావాలంటే మామూలు జనం కూడా పేరు నమోదు చేసుకోవచ్చు. నాన్న నా చేత ఆ పని చేయించుకున్నాడు. ఇక వేసవంతా మధ్యాహ్నం నిద్ర లేదు. మెసేజి రాగానే రేంజి ఆఫీసుకు ఫోను. ఒకసారి అవతలి కుర్ర గార్డు విసుగు దాచుకుంటూ, "అది మంట కాదు సార్, మేమే ఫైర్‌లైను కాలుస్తున్నాం" అన్నాడు.

"మిట్టమధ్యాహ్నమా?" అని నాన్న కుర్చీలోంచి లేచాడు. "మిట్టమధ్యాహ్నం లైను కాలుస్తారటయ్యా ఎవరైనా? ఫోను మీ సెక్షన్ ఆఫీసరుకివ్వు."