ఊదమన్న రాత్రి

2023 కనుమ. పొద్దున దిగువ అహోబిలంలో నరసింహస్వామి పల్లకీ పార్వేటకు కదిలింది. తన పెళ్లికి రమ్మని ఊరూరా పిలవడానికి పోతాడు ఆయన. 40 రోజులకు పైగా తిరుగుతాడు. నేను టెంకాయ కొట్టి బైకు మీద అత్తగారి ఊరికి పోయాను. కోడిని కోశారు. మూడు గ్లాసులు తాగాను. పడుకుని తెల్లారి పొమ్మని అత్త చెప్పింది. వినలేదు. మర్నాడు జీపు బాడుగ ఉంది.

రాత్రి తొమ్మిదిన్నరకు, ఆళ్లగడ్డ దాటాక, పోలీసులు టార్చిలైటు ఊపారు. బైకు తిప్పుకుని పారిపోదామనుకున్నాను. కాళ్లు కింద పెడితే వణుకుతున్నాయి. మిషన్‌లో ఊదమన్నారు. మొదటిసారి కావాలనే సరిగా ఊదలేదు. మళ్లీ ఊదించారు. 94 వచ్చింది. 100 మిల్లీలీటర్ల రక్తానికి 30 మిల్లీగ్రాములు దాటితే కేసేనట.

"సార్, ఇదే మొదటిసారి" అని ఏడ్చాను. నాకు 41 ఏళ్లు. రోడ్డు మీద ఏడ్చాను. ఒక పెద్దాయన, కానిస్టేబులు, నీళ్ల బాటిల్ ఇచ్చాడు. "తాగని మనిషిని ఎవర్నన్నా పిలిపించుకో నాయనా" అన్నాడు. ఆ నీళ్లు తాగాకే ఫోన్‌లో నంబరు కనబడింది నాకు. బామ్మర్ది వచ్చి తీసుకుపోయాడు. అతను మందు ముట్టడు. బైకు అక్కడే ఉండిపోయింది.

రెండో రోజు వకీలు దగ్గరికి పోయాం. జరిమానా కట్టేస్తే అయిపోతుందనుకున్నాను. ఆయన 185 సెక్షన్ చెప్పాడు. మొదటిసారికే ఆరు నెలల వరకు జైలు, లేదా 10,000 జరిమానా, లేదా రెండూ. శిక్ష పడితే కోర్టు లైసెన్సు కూడా ఆపాలి, ఆరు నెలలకు తగ్గకుండా.

"ఆయన నడిపింది బైకే కదా సార్, జీపు కూడా పోతాదా?" అని నా భార్య అడిగింది.

"కార్డు ఒక్కటే కదమ్మా" అన్నాడు వకీలు.

పావన నరసింహస్వామి గుడికి అడవిలో రాళ్ల దారి. ఆ దారిలో యాత్రికుల్ని తీసుకుపోవడమే నా పని. ఇంకో పని రాదు.

కోర్టు తొమ్మిదో రోజు. అంతవరకు నిద్ర లేదు. జైలు గురించే ఆలోచన. వాయిదాకు పోకుండా ఎక్కడికన్నా పోదామని ఒక రాత్రి సంచి కూడా సర్దాను. మీకు ఇలాంటిది వస్తే ఆ పని చేయకండి. వారెంటు వస్తుంది, చిన్న కేసు పెద్దదవుతుంది. నేను పోయాను. తప్పు ఒప్పుకున్నాను. 10,000 కట్టమన్నారు. జైలు వేయలేదు. లైసెన్సు ఆరు నెలలు, అన్ని బండ్లకూ ఆపేశారు. కార్డు ఇచ్చేశాను. డబ్బు కోసం నా భార్య కమ్మలు కుదువ పెట్టింది.

కౌన్సెలింగ్‌కు ఇంటివాళ్లతో రమ్మన్నారు. ఆమె నా పక్కన కూర్చుంది. ప్రమాదాల ఫోటోలు చూపిస్తుంటే ఆమె తల దించుకుంది. ఆ గంట నాకు కోర్టుకన్నా కష్టం.

తర్వాత నెలలు. ఫాల్గుణంలో బ్రహ్మోత్సవాలు. నెలనెలా స్వాతి నక్షత్రం. జీపులు ఒకదాని వెనక ఒకటి పోతుంటే నేను అరుగు మీద కూర్చున్నాను. "ఒంట్లో బాలేదా?" అని అడిగిన వాళ్లకు నడుం నొప్పి అని చెప్పాను. నా జీపు బామ్మర్ది నడిపాడు. ఫైనాన్స్ కంతు కట్టాకే తన వాటా తీసుకున్నాడు. రెండు నెలలు అసలు తీసుకోలేదు. ఆ అప్పు ఇంకా తీరలేదు. మా వదిన బియ్యం పంపింది. ఒక్కసారి కూడా ఎత్తిపొడవలేదు.

ఇంకొకటి చెప్పాలి. మే నెలలో నరసింహ జయంతికి జనం బాగా వచ్చారు. బామ్మర్దికి జ్వరం. నడవలేని ముసలమ్మతో ఒక కుటుంబం కాచుకుని ఉంది. అడవిలో పోలీసులెవరు అనుకున్నాను. నడిపాను. పోయి వచ్చేదాకా చేతులు చెమటలు. లైసెన్సు ఆపి ఉండగా నడిపితే మూడు నెలల వరకు జైలు, లేదా 10,000 జరిమానా, లేదా రెండూ. అది నాకు తెలుసు. తెలిసే నడిపాను. జీపు బోల్తా పడి ఉంటే బీమా కంపెనీ ఆ భారమంతా మా నెత్తినే వేసేదని తర్వాత వకీలు చెప్పాడు. ఆ ముసలమ్మ దిగేటప్పుడు నా చేయి పట్టుకుని "చల్లగా ఉండు నాయనా" అంది. ఇంట్లో చెబితే నా భార్య రెండు రోజులు మాట్లాడలేదు. మళ్లీ స్టీరింగ్ ముట్టుకోలేదు.

జులై చివర్లో కార్డు చేతికొచ్చింది. మొదటి బాడుగకు నా భార్య కూడా ఎక్కింది. గుడికి అంది. నన్ను చూసుకోవడానికని నాకు తెలుసు.

ఆ కనుమ తర్వాత మందు ముట్టలేదు. అయినా ఆళ్లగడ్డ దారిలో రాత్రిపూట టార్చిలైటు కనబడితే కాళ్లు వణుకుతాయి. బండి ఆపుతాను. ఊదమంటారు. సున్నా వస్తుంది. ఆ సున్నా కనబడేదాకా ఊపిరి ఆడదు.