పదేళ్ళ మౌనం తర్వాత

పోయిన సెలవుల్లో మా అన్నయ్య ల్యాప్‌టాప్‌లో ఒక పాత ఫిన్లాండ్ సినిమా చూశాను. 1952లో వచ్చిన నలుపు తెలుపు బొమ్మ, పేరుకి అర్థం ‘తెల్ల రెయిన్‌డీర్’. లాప్లాండ్ మంచులో పిరిత అనే కొత్త పెళ్ళికూతురు. మొగుడు రెయిన్‌డీర్ మందల వెంట రోజుల తరబడి వెళ్ళిపోతుంటాడు. అతని మనసు తనమీదే నిలవాలని ఆమె మంత్రగాడి దగ్గరికి పోతుంది. అక్కడ కథ తిరగబడుతుంది. ఆమే తెల్ల రెయిన్‌డీర్‌గా మారి, వెంటపడిన మగవాళ్ళ ప్రాణం తీస్తుంది. చివరికి భర్త ఈటెకే బలవుతుంది.

అందులో మాటలు చాలా తక్కువ. పిరిత ఆశ, భయం మనకి తెలిపేది ఎక్కువగా సంగీతమే. ఒకచోట సౌండ్ తీసేసి చూశాను. ఉత్త జంతువు పరుగెత్తుతున్నట్టుంది, అంతే! మళ్ళీ సౌండ్ పెట్టగానే ఒళ్ళు జలదరించింది. 1953లో కాన్ చిత్రోత్సవంలో ఈ సినిమాకి బహుమతి వచ్చింది.

ఆ సంగీతం రాసినాయన ఎయినార్ ఎంగ్లుండ్ (1916–1999). ఫిన్లాండ్‌లో ఫిన్నిష్‌తో పాటు స్వీడిష్ కూడా అధికార భాషే గానీ, స్వీడిష్ ఇంటిభాషగా ఉన్నవాళ్ళు కొద్దిమందే. ఆయన వాళ్ళలో ఒకడు. ఇంట్లో తెలుగు, వీధిలో తమిళం మాట్లాడే మనకి ఈ సంగతి విడమరిచి చెప్పక్కర్లేదు. రెండో ప్రపంచ యుద్ధంలో సైనికుడిగా పనిచేసి వచ్చి, 1946లో మొదటి సింఫనీ రాశాడు. దానికి ‘యుద్ధ సింఫనీ’ అనే పేరు నిలిచిపోయింది. తర్వాత అమెరికా వెళ్ళి ఆరన్ కోప్లాండ్ దగ్గర నేర్చుకున్నాడు. చాలా సినిమాలకి సంగీతం ఇచ్చాడు.

1950ల చివరికి గాలి మారింది. పన్నెండు స్వరస్థానాలనీ ఒక వరుసలో పెట్టి, ఏ ఒక్కటీ ఆధారశ్రుతిలా నిలవకుండా రాసే పద్ధతి కొత్తవాళ్ళని పట్టేసింది. ఎంగ్లుండ్‌కి అది నచ్చలేదు. నచ్చనిది రాయలేడు. నచ్చింది రాస్తే పాతదంటారు. పెద్ద రచనలు మానేశాడు. సిబెలియస్ అకాడమీలో పాఠాలు చెప్పాడు, స్వీడిష్ పత్రికకి సంగీత సమీక్షలు రాశాడు. అట్లా పదేళ్ళు దాటిపోయాయి.

1971లో మూడో సింఫనీతో మళ్ళీ వచ్చాడు. ఆయన సింఫనీలు మొత్తం ఏడు. మౌనానికి ముందు రెండు, తర్వాత అయిదు! ఈ లెక్క చూసి నేను చాలాసేపు అట్లానే కూర్చుండిపోయాను.

ఎందుకంటే నాకూ ఒక మూసిన నోట్‌బుక్ ఉంది. ఇంటర్‌లో ఆటవెలదులు, తేటగీతులు రాసేదాన్ని. “ఇప్పుడెవరే గణాలు లెక్కపెట్టుకుంటా కూర్చునేది?” అని ఒకరు నవ్వారు. నేనూ నవ్వేసి, నోట్‌బుక్ బీరువాలో పెట్టేశాను. ఎవరూ మానెయ్యమనలేదు, నేనే మానేశాను. వచన కవిత్వం మీద నాకు కోపం లేదు, ఇష్టంగానే చదువుతాను. కానీ నా చెవికి పద్యం నడకే పడుతుంది. అది నా తప్పేం కాదని ఎక్కడో హెల్సింకిలో బతికినాయన చెప్తే గానీ తెలియలేదు.

పోయిన ఆదివారం నోట్‌బుక్ బయటికి తీశాను. ఒక తేటగీతి మూడు పాదాలు అయింది, నాలుగోది కుదరట్లేదు. గణాలు బాగా తెలిసినవాళ్ళు ఎవరైనా ఉంటే మధ్యాహ్నం క్యాంటీన్ దగ్గర కలవండి. టీ నేనిప్పిస్తాను.