లిప్టన్ గారి పడవ

తార్నాక, హైదరాబాద్



టీ పొడి పాకెట్ మీద లిప్టన్ పేరు మీకు తెలిసిందే. ఆ సర్ థామస్ లిప్టన్‌కి తెరచాప పడవల పిచ్చి. 1899 నుంచి 1930 దాకా ఐదుసార్లు, ప్రతి పడవకీ షామ్‌రాక్ అనే పేరే పెట్టి, అమెరికాస్ కప్ పందేనికి దిగాడు. ఐదుసార్లూ ఓడాడు. డబ్బున్నవాడి పట్టుదల అనుకోండి!

1899లో న్యూయార్క్ దగ్గరి సముద్రంలో షామ్‌రాక్, అమెరికా పడవ కొలంబియా తలపడుతుంటే ఎడిసన్ కంపెనీ వాళ్లు సినిమా తీశారు. మొన్న ఆర్ట్స్ కాలేజీ మెట్ల మీద కూర్చుని, సినిమా పిచ్చి ఉన్న పిల్లలతో కలిసి ఆ కాలపు పడవ పందేల తునకలు ఫోన్లో చూశాను. కథ లేదు, మాట లేదు. కెమెరా కూడా నీళ్ల మీదే కాబట్టి సముద్రం, ఆకాశం కలిసే గీత కాసేపు ఎడమకి ఒరుగుతుంది, కాసేపు కుడికి. అప్పటి ఫిల్ముపై నీలం తెల్లగా పడేది. అందుకే తెరచాప ఎక్కడ ఆగిందో, ఆకాశం ఎక్కడ మొదలైందో కళ్లు చికిలించి చూడాలి. "దీన్ని రేసంటారా సార్? మన తార్నాక ఆటో నయం" అన్నాడొకడు.

ఇవి మిగలడమే విచిత్రం. నాటి నైట్రేట్ రీలు ఇట్టే అంటుకునేది. అయితే 1912 దాకా అమెరికా చట్టంలో సినిమాకు విడిగా కాపీరైట్ లేదు, ఫోటోకు ఉంది. దాంతో కంపెనీలు సినిమా మొత్తాన్నీ పొడవాటి కాగితపు చుట్టల మీద అచ్చువేసి, ఫోటోల లెక్కన లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్‌లో దాఖలు చేసేవి. రీళ్లు పోయినా కాగితం ఉంది. దశాబ్దాల తర్వాత మూడు వేలకు పైగా సినిమాలను ఆ చుట్టల నుంచే మళ్లీ ఫిల్ముకెక్కించారు.

మనకి ఆ అదృష్టం లేదు. తెలుగు సినిమాకి ఆద్యుడు రఘుపతి వెంకయ్య గారి అబ్బాయి ప్రకాశ్ తీసిన మూకీ "భీష్మ ప్రతిజ్ఞ" చూద్దామంటే లేదు. బెంగాలీ దర్శకుడు ధీరేన్ గంగూలీ 1920ల్లో ఇదే హైదరాబాద్‌లో లోటస్ ఫిల్మ్ కంపెనీ పెట్టి మూకీలు తీశాడు, వాటి జాడా లేదు. ఇక్కడ కాగితపు చుట్ట అడిగి తీసుకునే గుమాస్తా లేకపోయాడు, అంతే తేడా.

మళ్లీ పడవల మాటకొస్తే, వానాకాలం గాలికి హుస్సేన్‌సాగర్‌లో లేజర్ అనే రకం తెరచాప పడవల పోటీలు జరుగుతుంటాయి. ఈసారి వెళ్లి చూడండి. అన్నట్టు, మీ అటక మీద పాత సూపర్ ఎయిట్ ఫిల్ము రీళ్లుంటే, పుల్లటి వాసన కొడుతున్నా పారేయకండి. వాటిని మిగతా రీళ్ల నుంచి విడదీసి, చల్లగా, పొడిగా ఉండేచోట పెట్టి నాకో ఉత్తరం ముక్క రాయండి. వాటిలో హుస్సేన్‌సాగర్ గనక ఉంటే ఫోనే చేయండి.

ఉంటాను,
మీ ఉత్తరాల మిత్రుడు