మా కిటికీ

2020 మార్చి చివరి వారం. లాక్‌డౌన్ మూలంగా ఇంటిల్లిపాదీ ఇంటనే ఉన్నాము. ఫజర్ మొదలు ఇషా వరకు మధ్య గదిలో టీవీ మోగుతూనే ఉండేది. ఢిల్లీలోని నిజాముద్దీన్ మర్కజ్ నుండి జనాన్ని బస్సులెక్కిస్తున్న దృశ్యాలు, మళ్ళీ అవే దృశ్యాలు. కొద్ది రోజులకే ‘కరోనా జిహాద్’ అనే మాట చర్చా కార్యక్రమాలలో జంకు లేకుండా దొర్లసాగింది.

అటువంటి వేళ అంతమంది ఒకచోట ఉండటం పొరపాటేనని మా అబ్బాజాన్ మొదటి రోజే అన్నారు. అయితే పొరపాటు వేరు, పన్నాగం వేరు. మర్కజ్‌కు వెళ్ళివచ్చిన వారిని ఊరూరా వెతికి పరీక్షలు చేశారు. అప్పట్లో ఇతరులకు జరిగిన పరీక్షలు బహు స్వల్పం. వెతికిన చోటనే కేసులు బయటపడతాయి కదా! ‘మర్కజ్ కేసులు’ అని వేరుగా లెక్క చూపారే గాని, ఎందరిని పరీక్షిస్తే ఇందరు తేలారో మేము చూసిన వార్తలలో ఎవరూ చెప్పలేదు.

ఎదురింటి పిన్నిగారు ఏటా ఈద్ నాడు మా షీర్ ఖుర్మా కోసం ఎదురు చూసేవారు. ఆ యేడు గేటు తీయలేదు. “ఏమనుకోకమ్మా, టీవీలో చూపిస్తున్నారు కదా” అన్నారు. గిన్నె వెనక్కి తెచ్చుకున్నాము.

ఆమెను తప్పుపట్టే అర్హత మాకెక్కడిది? మా సందు చివరి కుర్రవాడు ఆ సమావేశానికి నెల ముందే, ఫిబ్రవరిలో, జమాఅత్ నుండి తిరిగి వచ్చాడు. ఆ సంగతి మాకు తెలుసు. అయినా ఏప్రిల్‌లో ఒకనాడు అతడు వీధిలో నిలిచి సలాం చెబితే మేము కిటికీ మూశాము. వార్త అందితే ముందుగా నిర్ధారించుకోవాలన్న హుజురాత్ సూరా ఆజ్ఞను పిల్లలకు నేర్పే ఇల్లు మాది!

ఆగస్టు 21న బొంబాయి హైకోర్టు ఔరంగాబాద్ ధర్మాసనం 29 మంది విదేశీయులపై కేసులను కొట్టివేసింది. పత్రికలలో, టీవీలలో వారిపై పెద్ద ఎత్తున దుష్ప్రచారం సాగిందనీ, వారిని బలిపశువులుగా ఎంచుకొని ఉండవచ్చనీ పేర్కొంది. డిసెంబరులో ఢిల్లీ న్యాయస్థానం మరో 36 మంది విదేశీయులను నిర్దోషులుగా విడుదల చేసింది. 70 మంది భారతీయులపై అభియోగపత్రాలు రద్దు కావడానికి మాత్రం 2025 జులై దాకా పట్టింది. వారాల తరబడి మోగిన ఆరోపణకు బదులుగా ఆ ఆగస్టు రాత్రి మా ఇంటి టీవీలో కనిపించినది, తెర అడుగున పరుగెత్తిన ఒక్క పంక్తి.

మరుసటి ఈద్‌కు పిన్నిగారే గిన్నె పంపి అడిగారు. ఆ కుర్రవాడు మసీదులో అబ్బాజాన్‌కు సలాం చెబుతాడు. మా కిటికీ దగ్గరకు వచ్చేసరికి మాత్రం నేటికీ తల దించుకొని నడుస్తాడు.